40 లక్షల ఫ్లాట్‌కు 75 లక్షలు: హోమ్ లోన్ అసలు ఖరీదు ఎంత?

హోమ్ లోన్ కోసం బ్యాంకుకు వెళ్లే కుటుంబాలు సాధారణంగా రెండే ప్రశ్నలు అడుగుతాయి. ఎంత లోన్ వస్తుంది? నెలకు ఎంత కట్టాలి? ఈ రెండింటికీ ఐదు నిమిషాల్లో జవాబు దొరుకుతుంది. చివరి కిస్తు కట్టే రోజుకు మొత్తం మీద మన చేతి నుంచి ఎంత వెళ్తుందనే మూడో ప్రశ్న అడిగేవాళ్లు తక్కువ. అడగకపోతే చెప్పేవాళ్లు ఇంకా తక్కువ.

సూద్ విషయంలో మన ఇళ్లలో చర్చ ఎప్పుడూ ఉండేదే. కొందరు లోన్ గుమ్మమే తొక్కరు. అద్దె ఇళ్లు మారి మారి విసిగిపోయి, మరో దారి లేదని సంతకం పెట్టినవాళ్లూ చాలామందే ఉన్నారు. ఏది సరి అన్నది ఉలమా చెప్పాల్సిన మాట. కానీ సంతకం పెట్టేవాళ్లకైనా, వద్దనుకునేవాళ్లకైనా ముందు లెక్క తెలియాలి. ఆ లెక్క పదో తరగతి గణితం కంటే కష్టమేమీ కాదు.

ఒక ఉదాహరణ తీసుకుందాం. హైదరాబాద్ శివార్లలోనో, కర్నూలులోనో, గుంటూరులోనో 40 లక్షల రూపాయల ఫ్లాట్. చేతిలో ఉన్న 10 లక్షలు ముందు కట్టారు. మిగతా 30 లక్షలు 8.5 శాతం వడ్డీకి 20 ఏళ్ల గడువుతో లోన్ తీసుకున్నారు. ఈఎంఐ 26,035 రూపాయలు వస్తుంది. 240 నెలలు కడితే మొత్తం 62 లక్షల 48 వేలు. అంటే 30 లక్షల అసలుకు 32 లక్షల 48 వేల వడ్డీ. తెచ్చుకున్న దానికన్నా వడ్డీయే ఎక్కువ. ముందు కట్టిన 10 లక్షలు, రిజిస్ట్రేషన్‌కు అయ్యే సుమారు 3 లక్షలు కలిపితే 40 లక్షల ఫ్లాట్‌కు చేతి నుంచి వెళ్లేది 75 లక్షలు దాటుతుంది.

ఇందులో మోసం ఏమీ లేదు. బ్యాంకు చెప్పిన రేటు 8.5 శాతమే, వసూలు చేసేదీ అదే. అది ఏడాదికి వేసే వడ్డీ అని, 20 ఏళ్లపాటు ఏటా పడుతుందని మనం గుర్తుపెట్టుకోం, అంతే.

అసలు ఎందుకు కదలదు

మొదటి నెల లెక్క చూడండి. 30 లక్షల మీద 8.5 శాతం చొప్పున ఒక నెల వడ్డీ 21,250 రూపాయలు. కట్టిన 26,035లో అది పోగా అసలుకు జమయ్యేది 4,785 మాత్రమే. రెండో నెల వడ్డీని మిగిలిన అసలు మీద లెక్కిస్తారు కాబట్టి అది ఓ 34 రూపాయలు తగ్గుతుంది. అసలు వాటా ఆ 34 రూపాయలు పెరుగుతుంది. ఇలా చీమ నడకలా సాగుతుంది.

ఏడాది తిరిగేసరికి 3 లక్షల 12 వేలు కట్టి ఉంటారు. అప్పు తగ్గింది దాదాపు 60 వేలు. ఐదేళ్లకు 15 లక్షల 62 వేలు కట్టేస్తారు, అప్పు మాత్రం ఇంకా 26 లక్షల 44 వేలు ఉంటుంది. పదేళ్లకు, అంటే సగం గడువు అయిపోయాక, కట్టింది 31 లక్షల 24 వేలు. తెచ్చిన 30 లక్షలకన్నా ఎక్కువే కట్టేశారు. అయినా బాకీ 21 లక్షలు.

సగం కాలం గడిస్తే సగం అప్పు తీరుతుందని చాలామంది అనుకుంటారు. ఈ లోన్‌లో సగం అప్పు తీరేది 14వ ఏడాది చివరకు వచ్చినప్పుడు. ఈఎంఐలో వడ్డీ వాటా కన్నా అసలు వాటా ఎక్కువ కావడానికే దాదాపు 12 ఏళ్లు పడుతుంది. ఆరేడేళ్లు కట్టి, ఏదో అవసరం వచ్చి ఇల్లు అమ్మి లోన్ క్లోజ్ చేద్దామని వెళ్లినవాళ్లు బ్యాంకు చెప్పిన బాకీ విని ఉలిక్కిపడేది ఇందుకే. అన్నేళ్లు కట్టింది ఏమైందని గొడవ పడతారు. కట్టిందాంట్లో ఎక్కువ భాగం ఆ ఏళ్ల వడ్డీకే పోయింది.

గడువు పెంచితే

నెలకు 26 వేలు భారం అనుకున్నవాళ్లకు బ్యాంకులో వెంటనే దొరికే సలహా, గడువు 30 ఏళ్లు పెట్టుకోండి అని. అప్పుడు ఈఎంఐ 23,067 అవుతుంది. నెలకు మిగిలేది మూడు వేల లోపు. కానీ మొత్తం వడ్డీ 32 లక్షల నుంచి 53 లక్షలకు ఎగబాకుతుంది. నెలకు మూడు వేల ఊరట కోసం 20 లక్షలు ఎక్కువ కడుతున్నట్టు.

గడువు 15 ఏళ్లకు తగ్గిస్తే ఈఎంఐ 29,542. నెలకు సుమారు 3,500 ఎక్కువ. వడ్డీ మాత్రం 23 లక్షల 18 వేలకు దిగుతుంది, అంటే 9 లక్షల 30 వేలు మిగులుతాయి. ఇంట్లో రెండో సంపాదన ఉన్నవాళ్లు, గల్ఫ్‌లో ఎవరైనా పనిచేస్తున్నవాళ్లు లోన్ తీసుకోవడమంటూ జరిగితే 20 ఏళ్లకు బదులు 15 ఏళ్లు అడగడం మంచిది. అయితే నెల జీతంలో సగం దాటి ఈఎంఐకే పోయే పరిస్థితి తెచ్చుకోకూడదు. పిల్లల ఫీజులు, ఆస్పత్రి ఖర్చులు 15 ఏళ్లు ఆగవు.

రేటు కదిలితే మారే కథ

పైన చెప్పిన లెక్కలన్నీ 20 ఏళ్లూ రేటు 8.5 దగ్గరే ఉంటుందనుకుని వేసినవి. నిజానికి అలా ఉండదు. దేశంలో హోమ్ లోన్లు ఎక్కువగా ఫ్లోటింగ్ రేటు మీద ఇస్తారు. 2019 అక్టోబర్ నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్ హోమ్ లోన్ల రేటును బయటి ప్రామాణికానికి ముడిపెట్టాలని ఆర్‌బీఐ ఆదేశించింది. చాలా బ్యాంకులు రెపో రేటును ఎంచుకున్నాయి. రెపో పెరిగితే మూడు నెలల్లోపు మన రేటూ పెరుగుతుంది.

2022 మే నుంచి 2023 ఫిబ్రవరి మధ్య ఏం జరిగిందో చూస్తే ఇది బాగా అర్థమవుతుంది. రెపో 4 శాతం నుంచి 6.5 శాతానికి వెళ్లింది. అంటే పది నెలల లోపే రెండున్నర శాతం పెరిగింది. 2022 మొదట్లో 6.75 శాతానికి, 20 ఏళ్లకు 30 లక్షలు తీసుకున్న కుటుంబం ఉందనుకోండి. ఈఎంఐ 22,811. ఏడాది కట్టాక బాకీ 29 లక్షల 26 వేలు. అప్పటికి రేటు 9.25కు చేరింది. ఇప్పుడు ఒక నెల వడ్డీయే 22,558. పాత ఈఎంఐ అలాగే కడుతూ పోతే అసలుకు పడేది నెలకు 250 రూపాయలు! లెక్క ప్రకారం ఆ అప్పు తీరడానికి ఇంకా దాదాపు 49 ఏళ్లు పడుతుంది.

ఈఎంఐ పెరగలేదు కాబట్టి ఏమీ మారలేదని చాలామంది నిశ్చింతగా ఉండిపోయిన కాలం అది. రేటు పెరిగినప్పుడు బ్యాంకులు ఈఎంఐని ముట్టుకోకుండా గడువు పొడిగించడం మామూలు. గడువు ఇక సాగదీయలేనంత పెరిగాక ఈఎంఐ పెంచుతారు. 35 ఏళ్ల వయసులో లోన్ తీసుకుని, 55కు తీరిపోతుందనుకున్న మనిషికి తన చివరి కిస్తు రిటైర్మెంట్ దాటిపోయిందని చాలా ఆలస్యంగా తెలుస్తుంది.

ఈ ఫిర్యాదులు పెరిగాకే ఆర్‌బీఐ 2023 ఆగస్టు 18న కొత్త నిబంధనలు తెచ్చింది. వాటి ప్రకారం రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంచెం కొంచెం పెంచాలా అనేది ఎంచుకునే అవకాశం అప్పు తీసుకున్నవారికి ఇవ్వాలి. ఈఎంఐ ఆ నెల వడ్డీకి కూడా చాలని స్థితి రానివ్వకూడదు. ఇప్పటిదాకా అసలుకు ఎంత జమైంది, వడ్డీకి ఎంత పోయింది, ఇంకా ఎన్ని ఈఎంఐలు ఉన్నాయి అనే వివరాలతో ప్రతి మూడు నెలలకు స్టేట్‌మెంట్ అందించాలి. ఇది మన హక్కు. ఆ స్టేట్‌మెంట్ ఈమెయిల్‌లోనో, బ్యాంకు యాప్‌లోనో ఎవరూ తెరవకుండా పడి ఉంటుంది. అందులో చూడాల్సింది ఒకే అంకె: మిగిలిన ఈఎంఐల సంఖ్య. పోయినసారి కన్నా అది పెరిగి ఉంటే బ్రాంచికి వెళ్లి అడగండి.

2025 ఫిబ్రవరి నుంచి రెపో మళ్లీ తగ్గడం మొదలై, జూన్ నాటికి 5.5కు వచ్చింది. రేటు తగ్గినప్పుడు ఈఎంఐ తగ్గించమని అడగాలనిపించడం సహజం. చేతిలో ఇబ్బంది లేకపోతే పాత ఈఎంఐనే కొనసాగించమని రాసివ్వండి. గడువు దానంతటదే తగ్గుతుంది. 2019కి ముందు లోన్ తీసుకుని ఇంకా పాత ఎంసీఎల్ఆర్ లేదా బేస్ రేటు మీదే ఉన్నవాళ్లు, రెపోకు ముడిపడిన రేటుకు మారితే ఎంత తగ్గుతుందో ఒకసారి అడిగి తెలుసుకోవాలి. మారడానికి చిన్న ఫీజు ఉంటుంది. కానీ 30 లక్షల మీద, 20 ఏళ్లకు, అర శాతం తేడా అంటే 2 లక్షల 30 వేలు.

హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీల సంగతి వేరు. ఈ బయటి ప్రామాణికం నిబంధన వాటికి వర్తించదు. అవి తమ సొంత ప్రైమ్ లెండింగ్ రేటు మీద నడుస్తాయి. జీతం స్లిప్ లేని చిన్న వ్యాపారులు, మెకానిక్‌లు, టైలర్లు, ఆటో ఫైనాన్స్ చేసేవాళ్లు ఎక్కువగా వెళ్లేది వీటి దగ్గరికే. వాళ్లకు పడే రేటు జీతగాళ్ల కన్నా ఎక్కువే ఉంటుంది. రెపో తగ్గినప్పుడు తమ రేటు తగ్గిందో లేదో వాళ్లే వెళ్లి కనుక్కోవాలి.

ఈఎంఐలో కనపడని ఖర్చులు

తెలంగాణలోనైనా, ఆంధ్రప్రదేశ్‌లోనైనా స్టాంప్ డ్యూటీ, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఫీజు అన్నీ కలిపి 7.5 శాతం దాకా అవుతుంది. 40 లక్షలకు 3 లక్షలు. ఇది లోన్‌లో రాదు, చేతి నుంచే పెట్టాలి. కట్టడం పూర్తయి ఆక్యుపెన్సీ సర్టిఫికెట్ వచ్చిన ఫ్లాట్‌కు జీఎస్టీ ఉండదు. ఇంకా కడుతున్న ఫ్లాట్‌కు 5 శాతం ఉంటుంది. 45 లక్షల లోపు ఉండి, విస్తీర్ణం పరిమితి దాటని ఇళ్లకు 1 శాతం. బ్యాంకు ప్రాసెసింగ్ ఫీజు, లీగల్ ఒపీనియన్, వాల్యుయేషన్, టైటిల్ డీడ్ డిపాజిట్ రిజిస్ట్రేషన్ ఇవన్నీ వేరు.

చాలా ఇళ్లలో దెబ్బ తగిలేది ఇక్కడే. 10 లక్షలు పోగేసి పెట్టుకుంటారు. రిజిస్ట్రేషన్ రోజుకు ఇంకో మూడు లక్షలు తక్కువ పడతాయి. తెలిసినవాళ్ల దగ్గర రెండు రూపాయల వడ్డీకి తెస్తారు. రెండు రూపాయల వడ్డీ అంటే నూటికి నెలకు రెండు, ఏడాదికి 24 శాతం. మూడు లక్షలకు నెలకు 6 వేలు. మూడేళ్లు వడ్డీ మాత్రమే కడితే 2 లక్షల 16 వేలు పోతాయి, అసలు మూడు లక్షలు చెక్కుచెదరదు. బ్యాంకులో పావు శాతం తగ్గించమని వారం రోజులు తిరిగి, బయట 24 శాతానికి కళ్లు మూసుకుని తెచ్చుకోవడం లెక్కకు అందని పని. రిజిస్ట్రేషన్ డబ్బు కూడా సిద్ధంగా ఉన్నాకే అగ్రిమెంట్ రాసుకోవాలి. లేదా ఇంకాస్త తక్కువ ధర ఇల్లు చూసుకోవాలి.

కడుతున్న ఫ్లాట్ కొంటే ఇంకొకటి తోడవుతుంది. బిల్డర్‌కు బ్యాంకు విడతలవారీగా డబ్బు ఇస్తుంది. ఇచ్చినంత మేరకు మన దగ్గర వడ్డీ మాత్రం తీసుకుంటుంది. దీన్ని ప్రీ-ఈఎంఐ అంటారు. రెండేళ్ల కట్టుబడిలో సగటున 15 లక్షలు విడుదలై ఉన్నాయనుకుంటే నెలకు 10,625 చొప్పున 2 లక్షల 55 వేలు పోతాయి. అసలు ఒక్క రూపాయి తగ్గదు. అదే సమయంలో అద్దె ఇంటికి అద్దె కూడా కడుతూనే ఉంటాం. బిల్డర్ ఏడాది ఆలస్యం చేస్తే ఆ ఏడాది కూడా అంతే.

లోన్ శాంక్షన్ అయ్యే ముందు రోజు ఇన్సూరెన్స్ కాగితం ఒకటి సంతకానికి వస్తుంది. ఒకేసారి కట్టే ప్రీమియం లక్ష రూపాయలు, లోన్‌లోనే కలిపేస్తాం, మీరు చేతి నుంచి ఇవ్వక్కర్లేదు అంటారు. లోన్‌లో కలిపారంటే ఆ లక్షకు కూడా 20 ఏళ్లు వడ్డీ పడుతుంది. నెలకు 868 చొప్పున చివరికి 2 లక్షల 8 వేలు అవుతుంది. ఫలానా కంపెనీ పాలసీనే తీసుకోవాలని బలవంతపెట్టే హక్కు బ్యాంకుకు లేదు.

అయితే ఇన్సూరెన్స్ వెనుక ఉన్న భయం మాత్రం నిజమైనదే. సంపాదించే మనిషి పోతే ఇంటి మీద అప్పు పోదు. విరాసత్ పంచేముందు మరణించినవారి అప్పు తీర్చాలన్నది మనందరికీ తెలిసిన నియమం. బ్యాంకు కూడా సహ-రుణగ్రహీతగా సంతకం పెట్టిన భార్యనో, కొడుకునో అడుగుతుంది. కట్టలేకపోతే సర్ఫేసీ చట్టం కింద ఇంటిని వేలం వేస్తుంది. లోన్ ఎంత మిగిలింది, కాగితాలు ఎక్కడ ఉన్నాయి అన్నది ఇంట్లో ఇంకొకరికి తెలిసి ఉండాలి.

అద్దె కట్టే బదులు ఈఎంఐ కట్టొచ్చుగా?

బిల్డర్ల బ్రోచర్లలోనూ, బంధువుల సలహాల్లోనూ వినిపించే మాట ఇది. మన ఉదాహరణలోని లాంటి ఫ్లాట్‌కు నెల అద్దె 14 వేలు ఉందనుకుందాం. ఈఎంఐ 26 వేలు. అద్దె డబ్బు వృథా, ఈఎంఐ మాత్రం మన ఇంటికే వెళ్తుంది అంటారు. కానీ మొదటి నెల ఈఎంఐలో 21,250 వడ్డీకే పోతోంది. అది బ్యాంకు డబ్బు వాడుకున్నందుకు కట్టే అద్దె. ఇంటికి అద్దె 14 వేలు, డబ్బుకు అద్దె 21 వేలు. వీటికి తోడు సొంత ఇంటికి మెయింటెనెన్స్, ఆస్తి పన్ను కూడా మనవే.

రెండో వైపు కూడా చూడాలి. అద్దె ఏటా పెరుగుతుంది. ఈఎంఐ, రేటు మారనంత వరకు, 20 ఏళ్లూ అదే. 15 ఏళ్ల తర్వాత 26 వేలు ఇప్పటంత బరువుగా అనిపించవు, ఎందుకంటే జీతాలు, ధరలు పెరుగుతాయి. ఇంటి విలువ కూడా పెరగొచ్చు. పైగా ముస్లిం కుటుంబం అని తెలియగానే ఇల్లు అద్దెకు ఇవ్వనివాళ్లు ఎదురైన అనుభవం మనలో చాలామందికి ఉంది. ఆ నిశ్చింతకు ఖరీదు కట్టడం కష్టం. కాబట్టి ఇల్లు కొనడం తప్పు లెక్క అని ఎవరూ తీర్మానించలేరు. అద్దె వృథా, ఈఎంఐ పొదుపు అన్న మాట మాత్రం మొదటి పన్నెండేళ్లకు నిజం కాదు.

పన్ను మిగులుతుందన్న మాట కూడా చూసి నమ్మాలి. సొంతంగా ఉండే ఇంటి వడ్డీ మీద ఏడాదికి 2 లక్షల దాకా మినహాయింపు పాత పన్ను విధానంలోనే ఉంది. 20 శాతం శ్లాబులో ఉన్నవారికి దానితో గరిష్ఠంగా 41,600 మిగులుతుంది. కొత్త విధానంలో ఈ మినహాయింపు లేదు. అందులో 2025-26 నుంచి 12 లక్షల ఆదాయం వరకు పన్నే పడదు. నెలకు 60 వేలు సంపాదించే ఇంట్లో కట్టని పన్నును మిగుల్చుకునేదేముంటుంది?

ఒక లక్ష ముందు కడితే

ఈ లెక్కలో మన చేతిలో ఉన్న బలమైన పని ఒకటుంది. ఫ్లోటింగ్ రేటు హోమ్ లోన్‌ను వ్యక్తులు ముందుగా తీర్చినా, కొంత భాగం ముందు కట్టినా బ్యాంకు జరిమానా వేయకూడదు. ఆర్‌బీఐ దీన్ని 2012లోనే నిషేధించింది. ఫిక్స్‌డ్ రేటు లోన్లకు మాత్రం అగ్రిమెంట్‌లో ఏముందో చూసుకోవాలి.

మన 30 లక్షల లోన్‌లో మొదటి ఏడాది చివర ఒక లక్ష అదనంగా కట్టి, ఈఎంఐ మార్చకుండా ఉంటే 18 ఈఎంఐలు తగ్గిపోతాయి. ఆ లక్ష పోగా మిగిలేది 3 లక్షల 70 వేలు. అదే లక్ష 15వ ఏడాది చివర కడితే మిగిలేది 50 వేలు. లక్ష అదే, కట్టిన కాలం వేరు. బోనస్, గల్ఫ్ నుంచి వచ్చిన మొత్తం, అమ్మిన బండి డబ్బు, చిట్టీ పాడుకున్న సొమ్ము ఏదైనా సరే, మొదటి ఐదారేళ్లలో పడితే దాని బలం ఎక్కువ. అంత పెద్ద మొత్తం కుదరనివాళ్లు ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా కట్టినా 20 ఏళ్ల లోన్ 16 ఏళ్ల 9 నెలల్లో తీరుతుంది, 6 లక్షల పైచిలుకు వడ్డీ తప్పుతుంది.

కట్టేటప్పుడు ఒక్క జాగ్రత్త. పార్ట్ పేమెంట్ చేశాక ఈఎంఐ తగ్గించాలా, గడువు తగ్గించాలా అని బ్యాంకు అడుగుతుంది. కొన్నిచోట్ల అడగకుండానే ఈఎంఐ తగ్గించేస్తారు. గడువు తగ్గించమని రాసిచ్చి రసీదు తీసుకోండి. ఇంట్లో ఆరు నెలల ఖర్చు లేకుండా ఉన్నదంతా తీసుకెళ్లి లోన్‌లో వేయడం కూడా మంచిది కాదు. రేపు ఆస్పత్రి ఖర్చు వస్తే మళ్లీ రెండు రూపాయల వడ్డీకే పరిగెత్తాలి.

సూద్ వద్దనుకునే ఇళ్లకు

మన దేశంలో బ్యాంకు ద్వారా వడ్డీ లేని ఇంటి ఫైనాన్స్ దొరకదు. 2008లో రఘురామ్ రాజన్ కమిటీ వడ్డీ రహిత బ్యాంకింగ్‌ను పరిశీలించాలని సిఫారసు చేసింది. తర్వాత చాలా ఏళ్లు చర్చ నడిచింది. 2017లో ఆర్‌బీఐ ఆ ప్రతిపాదనను ముందుకు తీసుకెళ్లకూడదని నిర్ణయించింది. బ్రిటన్, మలేసియా, యూఏఈల్లో ఉన్నట్టు బ్యాంకు, కొనేవాడు కలిసి ఇల్లు కొని, బ్యాంకు వాటాకు అద్దె కడుతూ ఆ వాటాను కొద్దికొద్దిగా కొనుక్కునే ముషారకా పద్ధతి ఇక్కడి బ్యాంకుల్లో లేదు. అక్కడ ఉంటున్న మన తెలుగు కుటుంబాలు ఆ దారి పట్టినా, మొత్తం ఎంత కట్టాలి, మధ్యలో అమ్మితే లెక్క ఎలా, అద్దె ఏ రేటు ప్రకారం మారుతుంది అని అడగాల్సిందే. షరీయత్ ప్రకారం సరైన కాంట్రాక్టు అయినంత మాత్రాన చవకది అవ్వాలని లేదు.

ఇక్కడ మిగిలినవి పాత దారులే. బంధువుల దగ్గర ఖర్జె హసనా. అన్నదమ్ములు కలిసి ప్లాట్ కొనుక్కుని, చేతిలో డబ్బు వచ్చినప్పుడల్లా ఒక్కో అంతస్తు లేపుకోవడం. పాతబస్తీలోనూ, కర్నూలు, కడపల్లోనూ ఇనుప చువ్వలు పైకి పొడుచుకుని ఎదురుచూస్తున్న ఇళ్లు ఎన్నో. చూడటానికి అందంగా ఉండకపోవచ్చు గానీ ఆ ఇళ్ల మీద బ్యాంకు బాకీ లేదు. అయితే ఇంట్లోవాళ్ల మధ్య అప్పునైనా కాగితం మీద రాసుకోవాలి, ఎవరి వాటా ఎంతో రిజిస్ట్రేషన్‌లోనే తేల్చుకోవాలి. లేకపోతే వడ్డీ మిగిలినా బంధుత్వం మిగలదు.

కొందరు బిల్డర్లు వడ్డీ లేని కిస్తులు అని ప్రకటిస్తారు. అక్కడ అడగాల్సింది, మొత్తం ఒకేసారి ఇస్తే ధర ఎంత అని. 40 లక్షల ఫ్లాట్‌ను మూడేళ్ల కిస్తులకు 46 లక్షలు అంటే ఆ ఆరు లక్షలు గడువుకు కట్టిన ధర. ధర ముందే ఖరారై, ఆలస్యమైతే పెరగకుండా ఉంటే అది షరీయత్‌లో వేరే సంగతి కావచ్చు, దాన్ని ముఫ్తీ సాహెబ్‌ను అడగండి. జేబు మాత్రం ఆరు లక్షల తేడాను గుర్తిస్తుంది. ఇంకో విషయం, ప్రాజెక్టుకు రెరా నంబర్ ఉందా లేదా చూసుకోవాలి. అగ్రిమెంట్ రిజిస్టర్ చేయకుండా ధరలో 10 శాతానికి మించి తీసుకోవడం రెరా చట్టం ప్రకారం కుదరదు. ప్రీ-లాంచ్ ఆఫర్ అంటూ మొత్తం డబ్బు ముందే అడిగితే అక్కడి నుంచి లేచి రావడం మేలు. డౌన్ పేమెంట్ పోగుచేసుకుంటూ ఆ డబ్బును హలాల్ లాభం పేరుతో నడిచే స్కీముల్లో పెట్టేవాళ్లు 2019లో బెంగళూరు ఐఎంఏ మునిగినప్పుడు వేలాది ముస్లిం కుటుంబాల గతి ఏమైందో గుర్తుచేసుకోవాలి.

సంతకానికి ముందు, అప్పు తీరాక

2024 అక్టోబర్ 1 నుంచి మంజూరయ్యే ప్రతి హోమ్ లోన్‌కు కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ ఇవ్వడం తప్పనిసరి. ఫీజులు, లోన్‌తో ముడిపెట్టిన ఇన్సూరెన్స్ లాంటివన్నీ కలిపి అసలు రేటు ఎంత పడుతుందో అందులో ఏపీఆర్ అనే అంకెగా ఉంటుంది. బ్యాంకు చెప్పిన రేటు 8.5 అయితే ఏపీఆర్ దానికన్నా కొంచెం ఎక్కువ కనిపిస్తుంది. రెండు బ్యాంకులను పోల్చాల్సింది ఏపీఆర్‌తోనే. ప్రతి నెలా అసలుకు ఎంత, వడ్డీకి ఎంత అనే పట్టిక కూడా దాంతోపాటే ఇవ్వాలి. అది రుణగ్రహీతకు అర్థమయ్యే భాషలో ఉండాలని ఆర్‌బీఐ నిబంధన. ఇంగ్లిష్ రాని తల్లిదండ్రులు సహ-రుణగ్రహీతలుగా సంతకం పెడుతుంటే తెలుగులోనో, ఉర్దూలోనో అడగండి.

అప్పు పూర్తిగా తీరిన రోజు బ్యాంకు నుంచి నో డ్యూస్ సర్టిఫికెట్ తీసుకుంటే పని అయిపోయిందనుకుంటారు. ఒరిజినల్ దస్తావేజులు 30 రోజుల్లో తిరిగి ఇవ్వాలి. బ్యాంకు తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకు 5 వేల చొప్పున పరిహారం కట్టాలి. ఇది 2023 డిసెంబర్ 1 నుంచి అమల్లో ఉంది. సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో బ్యాంకు పేరు మీద నమోదైన తనఖా కూడా రద్దు చేయించాలి. తర్వాత ఒక ఈసీ తీయించి, అందులో బ్యాంకు భారం కనపడటం లేదని చూసుకుని, దస్తావేజులతో కలిపి బీరువాలో పెట్టుకోండి. ఇది వదిలేసిన ఇళ్లను పదేళ్ల తర్వాత పిల్లలు అమ్మబోయినప్పుడు, తీరిపోయిన అప్పు ఈసీలో మళ్లీ కనిపించి బేరం ఆగిపోతుంది.